ప్రోథెరో జీళ్ళ పొట్లం

మా కార్విన్ ఊళ్ళో ఎవరినడిగినా ఆ ఏడు లాడ్‌బరీ కాలేజీని ఓడించింది ఎమ్రిస్ ప్రోథెరో అని చెబుతారు. కాస్త తెలిసినవాళ్ళయితే బంతి విసిరిన ఆర్లో పేరు చెబుతారు. నేను కాచిన జీళ్ళ సంగతి మాత్రం ఒక్కరూ ఎత్తరు. వంటింట్లో జరిగినదాన్ని చరిత్ర అనరు కాబోలు.

నా పేరు హెడ్విగ్ క్రోల్. మా ఆయన పోయాక కాలేజీ వెనక వీధిలో భోజనాల ఇల్లు నడిపాను. ఆటల కాలం మొదలైతే ఫుట్‌బాల్ జట్టంతా నా బల్ల దగ్గరే తినేది. కుర్రాళ్ళు నన్ను క్రోలమ్మ అనేవారు. నేను వాళ్ళని ఆ పూట ఏది నోటికొస్తే అది అనేదాన్ని. ఒక్కడూ నొచ్చుకోలేదు, ఒక్కడూ రెండోసారి వడ్డించుకోవడం మానలేదు.

ఎమ్రిస్ మొదటిసారి నా గుమ్మంలోకి వచ్చినప్పుడు వాడికి మీసాలు కూడా సరిగా రాలేదు. వేల్స్ నుంచి వచ్చిన బొగ్గుగని కుటుంబం. తండ్రీ అన్నలూ గనిలో. వీడొక్కడు చదువుతానని బయటపడ్డాడు. చర్చిలో పాడి పాడి సాగిన గొంతు వాడిది. ఇంకో గుడ్డు కావాలని నా బల్ల దగ్గర అడిగితే పక్కింట్లో కోళ్ళు ఉలిక్కిపడేవి.

మా ఫుట్‌బాల్‌లో కాలికీ బంతికీ ఉన్నది దూరపు చుట్టరికమే. బంతిని చంకలో ఇరికించుకుని అవతలివాళ్ళ గీత దాటాలి. దాటనివ్వకుండా వాళ్ళంతా మీద పడాలి. ఆ రోజుల్లో ఇనుప టోపీలా ఇంకొకటా, ఏమీ లేవు. తలకి దెబ్బ తగలకుండా కుర్రాళ్ళు జుట్టు పెంచుకునేవారు. ఎమ్రిస్ లాగుకి నడుం దగ్గర రెండు తోలు పిడులు కుట్టింది నేనే, గుర్రపు జీను తోలుతో. వాడు బంతి పుచ్చుకోగానే ఇద్దరు ఆ పిడులు పట్టుకుని, ఆ గుంపు మీంచి బస్తాని లాగినట్టు లాగి గీత అవతల పడేసేవారు. వాడు గాల్లో ఉండి కూడా, "ఎడమకి లాగండ్రా, ఎడమకి! కళ్ళు ఇంట్లో పెట్టొచ్చారా?" అని అరుస్తూనే ఉండేవాడు. లాగు చాలాసార్లు చిరిగింది. నా కుట్టు ఒక్కసారీ ఊడలేదు.

చదువయ్యాక ఉక్కు కార్ఖానాల ఊళ్ళలో డబ్బుకి ఆడే జట్లతో తిరిగాడు. ఒక చెవి నలిగి కాలీఫ్లవర్ పువ్వయింది. ఆ తర్వాత మోకాలు పోయింది. కుంటుకుంటూ, భార్య గ్వెన్‌నీ చంటిదాన్నీ వెంటబెట్టుకుని మా ఊరికే తిరిగొచ్చాడు. కాలేజీవాళ్ళు జట్టుకి కోచ్‌గా పెట్టుకున్నారు.

ఆటగాడు కోచ్ అయితే వచ్చే చిక్కు ఒకటుంది. కాళ్ళు ఆగుతాయి గాని నోరు ఆగదు. ఆట నడుస్తుండగా కోచ్ బెంచీ మీద కూర్చోవాలి, నోరు మెదపకూడదు. కుర్రాళ్ళ ఆట కుర్రాళ్ళ బుర్రతోనే సాగాలని పెద్దలు పెట్టిన నియమం అది. కోచ్ అరిచినా, చెయ్యి ఊపినా, చివరికి తల ఊపినా, అంపైర్ చూశాడంటే జట్టు పదిహేను గజాలు వెనక్కి పోవాలి. ఎమ్రిస్ కోచ్ అయిన మొదటి ఏడాదే లాడ్‌బరీతో ఆటలో మనవాళ్ళు గీతకి జానెడు దూరంలో ఉన్నారు. "ఎడమకి!" అని ఒక్క కేక పెట్టాడు. పక్క జిల్లాలో కూడా వినబడి ఉంటుంది. పదిహేను గజాలు పోయాయి, దాంతో ఆటా పోయింది.

మా కాలేజీ పెద్ద రెవరెండ్ డాక్టర్ ఫెన్విక్‌కి మొదట్నుంచీ ఫుట్‌బాల్ అంటే ఒళ్ళుమంట. గ్రీకు చదవాల్సిన పిల్లలు బురదలో పొర్లడమేమిటని ఆయన బాధ. ఆయన ఎమ్రిస్‌ని పిలిచి, "వచ్చే థాంక్స్‌గివింగ్ పండగ ఆటలో కూడా మనం మీ నోటివల్ల ఓడిపోతే, మిస్టర్ ప్రోథెరో, మీరూ ఉండరు, మీ ఆటా ఉండదు. మీరు నోరు మెదపకుండా ఉంటారో లేదో నేనే మీ పక్కన కూర్చుని చూస్తాను," అన్నాడు.

ఏడాది తిరిగి పండగ దగ్గరకొచ్చింది. ఇంకో సంగతి చెప్పాలి. కోచ్ అయ్యాక ఎమ్రిస్ నా బల్ల మీద పెత్తనం మొదలెట్టాడు. వేయించినవి వద్దు, కేకులు వద్దు, పళ్ళముక్కలు కూరి కాల్చే పైలు వద్దు, తీపి అన్న మాటే వద్దు. ఊపిరి తగ్గిపోతుందట! నా యాపిల్ పై తిని ఊపిరి పోయినవాణ్ణి ఒక్కణ్ణి చూపించమన్నాను. చూపించలేదు గాని పై మాత్రం ఆపించాడు. అందుకు వాడి మీద నాకు కోపం ఉండేది. కడుపులో దాచుకునే రకం కాదు నేను, రోజూ పైకే అనేదాన్ని.

తీపి లేని బల్ల దగ్గర కుర్రాళ్ళకి తోచుబాటు ఏముంటుంది? బన్నులు విసురుకునేవారు. కెప్టెన్ ఆర్లో బెక్‌విత్ ఈ చివర్నించి విసిరితే, ఆ చివర తాటిచెట్టంత పొడుగున్న హైరమ్ న్యూట్ కూర్చున్నచోటు నుంచి కదలకుండా పట్టేవాడు. ఒకసారి వెనక్కి తిరిగి పాలు పోసుకుంటూ కూడా పట్టాడు.

"రేయ్! బన్ను తినడానికి, బంతి పట్టుకుని పరిగెత్తడానికి," అని ఎమ్రిస్ బల్ల గుద్దేవాడు.

"కోచ్‌గారూ, ఇప్పుడు బంతి విసరొచ్చని నియమాల్లోనే రాశారు కదండీ," అనేవాడు ఆర్లో.

"రాస్తార్రా, కూర్చుని రాసేవాళ్ళకేం? కింద పడితే బంతి వాళ్ళకిచ్చుకోవాలి. నీకు విసరడం నేర్పాను, సరే. కానీ ఆర్లో, నేను చెప్పందే ఆటలో ఒక్కసారి కూడా విసరకూడదు. మాటివ్వు."

"మాటిచ్చాను కోచ్‌గారూ."

ఆర్లో సంగతి మా అందరికీ తెలుసు. వాళ్ళది క్వేకర్లనే నిష్ఠగల భక్తుల ఇల్లు. మాటిస్తే రాతి మీద చెక్కినట్టే.

పండగ ముందు రోజు పొద్దున్న నేను బంగాళాదుంపలు చెక్కుతుంటే ఎమ్రిస్ వంటింటి తలుపు తోసుకుని వచ్చాడు.

"క్రోలమ్మా, సూదీ దారం ఉన్నాయా?"

"దేనికిరా? లాగు చిరిగిందా?"

"నోరు కుట్టడానికి. పిడులు కుట్టినదానివి, ఇదీ కుట్టేయ్."

"నీ నోటికి దారమెక్కడ సరిపోతుందిరా? మోకు కావాలి. కూర్చో. ఆ కాలు చాపుకో. గ్వెన్‌కి చెప్పావా?"

"చెప్పాను. అరవొద్దంది."

"మంచి మాటేగా."

"అరవొద్దని అరిచింది."

నేను నవ్వాను. వాడు నవ్వలేదు. చేతిలో ఉన్న టోపీని తిప్పుతూ కూర్చున్నాడు. "అమ్మా, నాకు చేతనయింది ఇదొక్కటే. ఈ కాలుతో గనిలోకి దిగలేను. దిగినా మా అన్నలే నన్ను మోసుకుంటూ తిరగాలి. నాకు ఆట కనబడితే నోరు దానంతటదే తెరుచుకుంటుంది. నేను తెరవను, అదే తెరుచుకుంటుంది. నన్నేం చెయ్యమంటావు?"

అంత మనిషి అలా అడిగేసరికి పైల మీద కోపం ఎటు పోయిందో తెలియదు. దుంపలు పక్కకు నెట్టి మూకుడు పొయ్యి మీద పెట్టాను. నల్లటి చెరకుపాకం, వెన్న, చిటికెడు ఉప్పు. పాకం ముదిరాక చేతులకి వెన్న రాసుకుని సాగదీసి, మడిచి, మళ్ళీ సాగదీసి జీళ్ళు చేసి పొట్లం కట్టాను. మామూలుగా చేసేదానికంటే ఎక్కువసేపు కాచాను, పళ్ళకి పట్టుకుంటే వదలకూడదని.

"ఇదిగో. ఆట మొదలవగానే ఒకటి బుగ్గన పెట్టు. అది కరుగుతుంటే ఇంకోటి. దేవుడు దిగొచ్చి పలకరించినా నువ్వు పలకలేవు."

ఎమ్రిస్ పొట్లం చూసి గుటకేశాడు. "తీపి వద్దన్నది నేనే కదమ్మా."

"అవున్రా, నా పైలని చంపిన మహానుభావుడివి. తీసుకో, తీసుకో. ఇది తీపి కాదు, తాళం."

మర్నాడు టర్కీ కోడిని పొయ్యిలో పెట్టి, పక్కింటావిడని చూస్తుండమని మైదానానికి పరిగెత్తాను. బెంచీ వెనక మొదటి వరుసలో, సరిగ్గా ఎమ్రిస్ వీపు వెనక చోటు దొరికింది. వాడి పక్కన డాక్టర్ ఫెన్విక్ నల్లకోటు గుండీలన్నీ పెట్టుకుని, ఒళ్ళో గ్రీకు పుస్తకం తెరిచి పెట్టుకుని కూర్చున్నాడు. ఆట వైపు చూడనని ఒట్టేసుకున్నట్టున్నాడు. లావుపాటి అంపైర్ మాత్రం బంతి కంటే ఎమ్రిస్ మూతినే ఎక్కువ చూస్తున్నాడు. పోయినేటి కేక ఆయన చెవుల్లో ఇంకా మోగుతోందేమో.

ఆట మొదలైంది. ఎమ్రిస్ నోరు మెదపలేదు. లాడ్‌బరీవాళ్ళు ఊరుకుంటారా? "ఏమయ్యా ప్రోథెరో, నాలుక పిల్లి ఎత్తుకెళ్ళిందా?" "ఎడమకని చెప్పవయ్యా, వినాలనుంది!" అని ఒకటే గోల. వాడి మెడ ఎర్రబడుతోంది గాని చిన్న సకిలింపు కూడా రాలేదు. నా జీళ్ళకి నేనే మురిసిపోయాను. పక్కనున్నావిడతో, "ఆ నోరు మూసింది ఎవరనుకున్నావు?" అని కూడా అన్నాను.

కానీ నోరు మూస్తే సరిపోతుందా? ఆర్లో ప్రతి ఎత్తుకీ ముందు తలతిప్పి బెంచీ వైపు చూడటం మొదలెట్టాడు. ఏడాదంతా కోచ్ గొంతు వింటూ ఆడిన కుర్రాళ్ళు. ఇప్పుడది లేకపోయేసరికి అడుగు వెయ్యడానికే భయపడ్డారు. ఎమ్రిస్ తన బూట్ల వైపు చూస్తూ కూర్చున్నాడు. లాడ్‌బరీవాళ్ళు ఎవరూ అడ్డుపడకముందే బంతిని గీత దగ్గర పాతిన కొయ్యల మధ్యనుంచి తన్ని, దానికిచ్చే పాయింట్లతో పైచెయ్యి సాధించారు.

సగం ఆటయ్యాక విరామంలో మాట్లాడొచ్చు. మైదానం పక్కనున్న గోదాం వెనక ఎమ్రిస్ నోరు తెరిచాడు. మేమంతా మా చోట్లలో కూర్చునే విన్నాం. "నా వైపు చూడకండ్రా! నేను లేననుకోండి! చెప్పాల్సిందంతా చెప్పేశాను, ఇక మీ ఆట మీరాడండి!" ఇంకా చాలా అన్నాడు. పోయినేటి ఓటమీ వాళ్ళ నాన్న గనీ అన్నీ వచ్చాయి. కుర్రాళ్ళు కళ్ళు తుడుచుకుంటూ బయటికొచ్చారు. అంత ఉపన్యాసంలోనూ వాడు ఒక్క ముక్క మరిచిపోయాడు. విసరొద్దన్న ఒట్టుని తియ్యలేదు.

రెండో సగంలో మనవాళ్ళ ఆటే మారిపోయింది. గుద్దుకున్నారు, తోసుకున్నారు, బంతిని జరుపుకుంటూ జరుపుకుంటూ ముందుకెళ్ళారు. డాక్టర్ ఫెన్విక్ మొదట పుస్తకం పైనుంచి ఒక కన్నేశాడు. ఆ తర్వాత పుస్తకం మూశాడు. ఇంకాసేపటికి పుస్తకం బురదలో ఉంది, ఆయన బెంచీ అంచున ఉన్నాడు. "అరె! అదెట్లా! వాణ్ణి ఎందుకు వదిలారు?" అని గొణుక్కుంటున్నాడు. గ్రీకువాళ్ళ యుద్ధాల గురించి చదివీ చదివీ ఒక్కదాన్నీ కళ్ళారా చూడని మనిషి, పాపం.

చివరికొచ్చేసరికి చీకటి పడబోతోంది. బంతి మనది, గీత కనబడుతోంది. గీతకి అడ్డంగా లాడ్‌బరీ జట్టు మొత్తం గోడ కట్టి నిలబడింది. ఇంకొక్క ఎత్తు ఉంది, అది తప్పితే అంతే. అటు కుడి మూల హైరమ్ ఒక్కడే నిలబడ్డాడు. వాడి దగ్గర పురుగు కూడా లేదు. అందరికీ కనబడుతోంది. నాకే కనబడిందంటే ఇంకెవరికి కనబడదు? ఆర్లోకీ కనబడింది. వాడు బంతి తీసుకునే చోట నిలబడి తిన్నగా ఎమ్రిస్ వైపు చూశాడు. ఈసారి భయంతో చూసిన చూపు కాదు. మాటిచ్చాను కదా, ఏం చెయ్యమంటారు అని అడిగే చూపు.

ఎమ్రిస్‌కి అప్పుడు గుర్తొచ్చింది. వాడి భుజాలు బిగుసుకుపోవడం వెనకనుంచి చూశాను. ఒక్క మాట, పోనీ ఒక్కసారి తలాడిస్తే చాలు. అంపైర్ వాడి మీంచి చూపు తిప్పడం లేదు. పిల్లవాణ్ణి మాట కట్టేసింది, వీణ్ణి నియమం కట్టేసింది.

సరిగ్గా అప్పుడే మైదానం అవతల జనం ఏదో తోసుకుంటే అంపైర్ అటు తల తిప్పాడు. డాక్టర్ ఫెన్విక్ ఉన్నపళంగా లేచి నిలబడ్డాడు. నల్లకోటు గుండీలు ఊడిపోయాయి. రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుని, "విస..." అన్నాడు.

బెంచీ మీద ఎవరు అరిచినా శిక్ష ఒకటే. ఎమ్రిస్ ఆయన కోటు పట్టుకుని కిందకి గుంజాడు. ఇంకో చేత్తో జేబులోంచి పొట్లం తీసి, ఉన్న జీళ్ళన్నీ కలిపి ఆయన నోట్లో కుక్కాడు. అంపైర్ గిరుక్కున తిరిగి చూసేసరికి రెవరెండ్‌గారి బుగ్గలు రెండూ పూరీల్లా పొంగి ఉన్నాయి. ఆయన నములుతున్నాడు. నమలడం తప్పని నియమాల్లో ఎక్కడా లేదు.

ఆ తర్వాత ఎమ్రిస్ చేసిన పని నేను చచ్చేదాకా మరిచిపోను. రెండు చేతులతో ఆ పాడు కాలుని ఎత్తి బెంచీ మీంచి ఇటు వేశాడు. రెండో కాలూ వేశాడు. మైదానానికి వీపు పెట్టి, మా వైపు తిరిగి కూర్చున్నాడు. అంపైర్ ఈలని నోటిదాకా తెచ్చి దింపేశాడు. కోచ్ వీపు చూపించకూడదని కూడా ఎక్కడా లేదు మరి.

ఆర్లో ఆ వీపుని చూశాడు. విరామంలో కోచ్ "నేను లేననుకోండి" అన్న మాట వాడికి అప్పుడు అర్థమైందని తర్వాత నాతో చెప్పాడు. లేని మనిషికిచ్చిన మాట కట్టెయ్యదు కదా.

ఇప్పుడు ఎమ్రిస్‌కి ఎదురుగా ఉన్నది నా ముఖం. వాడి కళ్ళు నా కళ్ళని పట్టుకున్నాయి. వాడి జీవితమంతా వాడి వీపు వెనక జరుగుతోంది, వాడు నన్ను చూస్తున్నాడు. నేను వాడి భుజం మీంచి చూస్తున్నాను. బంతి ఆర్లో చేతికొచ్చింది. వాడు వెనక్కి అడుగేశాడు. అందరూ పరిగెత్తుతాడనుకున్నారు. విసిరాడు. బంతి పైకి, ఇంకా పైకి పోయింది. అది దిగడానికి ఎంతసేపు పట్టిందో నాకు తెలియదు గాని ఆ కాసేపట్లో నాకున్న ప్రార్థనలన్నీ అయిపోయాయి. హైరమ్ కదల్లేదు. నా బల్ల దగ్గర బన్ను అందుకున్నట్టే చేతులు చాచి అందుకున్నాడు. లాడ్‌బరీవాడొకడు వచ్చి వాడి చొక్కా పట్టుకున్నాడు. హైరమ్ వాణ్ణి కూడా ఈడ్చుకుంటూ రెండడుగులు వేసి గీత అవతల బోర్లా పడ్డాడు.

పుట్టి బుద్ధెరిగాక నోట మాట రాకపోవడం నాకు అదే మొదటిసారి. రెండు చేతులూ పైకెత్తాను. సిగ్గూ ఎగ్గూ లేకుండా ఏడ్చాను. ఎమ్రిస్ నా ముఖంలో అంతా చూశాడు. వాడి ముఖం కూడా నాలాగే అయింది. అయినా కిక్కురుమనలేదు. ఈల ఊదేదాకా ఇటు తిరిగే కూర్చున్నాడు.

ఈల ఊదాక వాడు వేసిన కేకకి చెట్ల మీద కాకులు లేచిపోయాయి.

జనం బెంచీ మీదకి విరుచుకుపడ్డారు. "డాక్టర్‌గారూ, ప్రోథెరో వచ్చే ఏడు ఉంటాడా?" అని ఎవరో అడిగారు. ఆయన ఏదో చెప్పబోయాడు. పళ్ళు విడిపడలేదు. గట్టిగా తలాడించాడు. "ఫుట్‌బాల్ కూడా ఉంటుందా?" మళ్ళీ తలాడించాడు, ఈసారి టోపీ ఎగిరిపోయింది. ఆయన నోరు రాత్రి భోజనాల వేళకి గాని పెగల్లేదు. పెగిలాక మొదటి మాట, ఇంకా జీళ్ళున్నాయా అని.

నా బల్ల దగ్గర టర్కీ కోస్తుంటే నాకొకటి తట్టింది. "ఒరేయ్ ఎమ్రిస్, మొత్తం జీళ్ళు ఆయన నోట్లో పెట్టావు కదా. మరి పొద్దుట్నుంచీ నువ్వు తిన్నవెన్ని?"

"ఒక్కటీ తినలేదమ్మా."

"మరి నోరెలా మూసుకున్నావు?"

వాడు సిగ్గుపడ్డాడు. "పిల్లలకి తీపి వద్దన్నాను కదా. వాళ్ళ ఎదురుగా నేనెలా తింటాను?"

నాకు నవ్వొచ్చింది, కళ్ళల్లో నీళ్ళూ వచ్చాయి. వంటింట్లోకెళ్ళి పొద్దున్నే దాచిపెట్టిన పైలు తెచ్చి బల్ల మీద పెట్టాను. వాడు వద్దనలేదు. కుర్రాళ్ళకి కోసి పెట్టాక తనకీ ఒక ముక్క పెట్టమన్నాడు. అది తింటూ, "క్రోలమ్మా, ఎలా పట్టాడో చెప్పు," అన్నాడు.

చెప్పాను. హైరమ్ పక్కనే ఉన్నాడు, ఆర్లో ఎదురుగా ఉన్నాడు, అయినా నన్నే చెప్పమన్నాడు.

ఎమ్రిస్ ఆ తర్వాత మా కాలేజీలోనే తల నెరిసేదాకా కోచ్‌గా ఉన్నాడు. గెలిచాడు, ఓడాడు, అరవాల్సిన రోజుల్లో అరిచాడు. ప్రతి థాంక్స్‌గివింగ్‌కీ గ్వెన్‌తో పిల్లలతో నా బల్ల దగ్గరికొచ్చి, పై ముక్క చేతిలోకి తీసుకుని, "చెప్పు క్రోలమ్మా," అంటాడు. ఒక ఏడాది ఆర్లో కూడా వచ్చాడు, పెళ్ళాం పిల్లలతో. "విసిరినవాణ్ణి నేను కదా కోచ్‌గారూ, నేను చెబుతానుండండి," అన్నాడు.

"నువ్వు నోరు ముయ్యరా," అన్నాడు ఎమ్రిస్. "నేను ఆ ఆట చూసింది ఈమె ముఖంలో. ఈమే చెప్పాలి."